ఇద్రీస్ కళాయి

చాలాకాలం కిందటి మాట. ఎంతకాలమని అడగొద్దు. లెక్క పెట్టినవాళ్లూ పోయారు, వాళ్లు గోడ మీద గీసుకున్న గీతలూ చెరిగిపోయాయి. సముద్రాలకు అవతల, తుర్కుల దేశంలో, మంచుకొండల నడుమ అక్దెరె అని ఒక ఊరుండేది. ఆ ఊరికీ, చుట్టుపక్కల నలభై ఊళ్లకీ కలిపి ఒకే ఒక్క కళాయివాడు. అతని పేరు ఇద్రీస్.

ఇద్రీస్‌కి ఇల్లు లేదు, పొలం లేదు. ఒక గాడిద, ఒక తోలుతిత్తి, ఒక సంచి. అంతే. ఏడాదికి రెండుసార్లు ఊళ్లన్నీ తిరిగేవాడు. మంచు కరిగాక ఒకసారి, మంచు పడకముందు ఒకసారి. ఆ సీమలో వంటంతా రాగి గిన్నెల్లోనే. లోపల తగరం పూత, అదే కళాయి, లేకపోతే రాగిలో వండిన తిండి విషమవుతుంది. అందుకని ఇద్రీస్ గాడిద మెడలో గంట వినపడగానే ఆడవాళ్లంతా గిన్నెలు నెత్తిన పెట్టుకుని వచ్చేసేవాళ్లు.

అతను నేలలో గుంట తవ్వి నిప్పు చేసేవాడు. గిన్నెలో తడి ఇసుక పోసి, అందులో నిలబడి, పాదాలతో గిరగిరా తిరుగుతూ తోమేవాడు. సొట్టలుంటే సుత్తితో సరిచేసేవాడు. గిన్నె కాలాక నవాసాగరం పొడి చల్లేవాడు. తెల్లటి పొగ లేచేది. ఆ పొగలోనే తగరం కడ్డీ తాకించి, దూదితో ఒక్క తుడుపు తుడిచేవాడు. గిన్నె లోపలంతా వెన్నెల పోసినట్టు తెల్లబడేది.

"ఇద్రీస్ కళాయి అంటే కళాయే," అనేవాళ్లు ఆడవాళ్లు. అనుకుంటూ గిన్నెలో మొహం చూసుకునేవాళ్లు.

ఇద్రీస్‌కి ఆ మాటంటే ప్రాణం. రాజుగారు శాలువా కప్పినా అంత పొంగిపోయేవాడు కాదు.

అయితే అతని దగ్గర ఒక రహస్యం ఉంది. ముప్ఫై ఏళ్లు చెవి పక్కనే సుత్తి మోగి మోగి, అతనికి వినికిడి పోయింది. ముందు పిట్టల కూతలు పోయాయి. తర్వాత గాడిద గంట పోయింది. చివరికి మనుషుల మాటలూ పోయాయి. అతను ఎవరికీ చెప్పలేదు. చెవిటివాడి చేతికి గిన్నె ఎవరిస్తారని భయం. ఎదురుగా నిలబడి మాట్లాడితే పెదాలు చూసి బదులిచ్చేవాడు. వెనకనుంచి మాట్లాడితే, మాట్లాడారనే తెలిసేది కాదు. "ఇద్రీస్ ఉస్తాకి కాస్త బిగువు," అనుకునేవాళ్లు జనం. ఉస్తా అంటే ఆ సీమలో పనితనం తెలిసిన మనిషికి ఇచ్చే మర్యాద.

అక్దెరెలో ఒక అన్నసత్రం ఉండేది. బీదాబిక్కీ, బాటసారులూ, ఒంటరి ముసలివాళ్లూ రోజూ అక్కడే తినేవాళ్లు. ఆ సత్రంలో వండిపెట్టే మనిషి జెలిహా. భర్త పోయి చాలా ఏళ్లయింది. పిల్లల్లేరు. పొడుగ్గా ఉండేది, గరిటె పట్టుకుంటే సైన్యాధిపతిలా ఉండేది. అక్దెరెలో ఇద్రీస్ ఏ పని ముందు చేసినా, సత్రం గిన్నెలు మాత్రం చివరికి ఉంచుకునేవాడు. చివరికి ఉంచుకుంటే తొందరపడక్కర్లేదు కదా. ఆమె వేడి రొట్టె తెచ్చి పెట్టేది. అతను తలొంచుకుని తినేవాడు. ఇద్దరికీ నలభై దాటాయి. ఇద్దరి మనసులోనూ ఒకటే ఉంది. అతను చెప్పడానికి సిగ్గుపడ్డాడు. ఆమె సంగతి తర్వాత చెప్తాను.

ఒక ఏడు మంచు కరిగింది. ఇద్రీస్ అన్ని ఊళ్లకంటే ముందు అక్దెరెకే వచ్చాడు. ఎవరూ ఎదురు రాలేదు. ఎవరూ గిన్నె తేలేదు. సత్రం తలుపుకి తాళం వేసి ఉంది.

బావి దగ్గర నీళ్లు తోడుకుంటున్న మొల్లా భార్యని ఆపి అడిగాడు. "తల్లీ, సత్రం ఎందుకు మూశారు?"

"చలికాలమంతా సత్రంలో తిన్నవాళ్లకి కడుపునొప్పులు, ఉస్తా. మొహాలు పాలిపోయాయి. చేతులు పడిపోయాయి. ముగ్గురు చచ్చిపోయారు."

"ఎవరా ముగ్గురు?"

"గడప దగ్గర కూర్చునేవాడే, గుడ్డి హసన్, అతను. రంగులద్దే బెకిర్ తమ్ముడు. చంటిబిడ్డ తల్లి నూరియె."

"జెలిహా?"

ఆవిడ బిందె కింద పెట్టింది. "జెలిహా చెరసాలలో ఉంది. దానిమ్మ పులుసు పోసిన చారు పుల్లగా ఉండాలా, తియ్యగా ఉండాలా? ఈ చలికాలమంతా తియ్యగా ఉంది. తేనె వేశావా అని అడిగితే వెయ్యలేదంది. పంచదార వేశావా అంటే వెయ్యలేదంది. మరి ఏం వేసినట్టు? మూడు రోజుల్లో భటులొచ్చి ఆమెని పట్నం తీసుకుపోతారు. అక్కణ్ణుంచి వెనక్కొచ్చినవాళ్లు లేరు."

జెలిహా విషం పెట్టిందంటే ఇద్రీస్ నమ్మలేదు. మరి చారు ఎందుకు తియ్యబడింది? కనిపెట్టడానికి మూడు రోజులున్నాయి.

మొదటి రోజు సత్రం బావిలోకి దిగాడు. నీళ్లు తాగి చూశాడు. నీళ్లు నీళ్లలాగే ఉన్నాయి.

రెండో రోజు సత్రం కొట్టు తెరిపించాడు. గోధుమరవ్వ నమిలాడు, శనగలు నమిలాడు, దానిమ్మ పులుసు నాలుక మీద వేసుకున్నాడు. పళ్లు పులిశాయి తప్ప తీపి ఎక్కడా లేదు.

గిన్నెల వైపు మాత్రం చూడనే లేదు. ఎందుకు చూస్తాడు? ఇద్రీస్ కళాయి అంటే కళాయే కదా.

మూడో రోజు పొద్దున్న ఇక వెతకడానికి ఏమీ మిగల్లేదు. సత్రం వంటింట్లో చతికిలబడ్డాడు. ఎదురుగా పెద్ద కాగు బోర్లించి ఉంది. ఊరికే దాన్ని వెలుతురులోకి తిప్పాడు. లోపల వెన్నెల తెలుపు లేదు. వాన ముందరి మబ్బులా నీలిబూడిద రంగు ఉంది. గోటితో గీశాడు. గోరు దిగింది. మంచి కళాయిలో గోరు అంత తేలిగ్గా దిగదు.

ఆ కళాయి పెట్టింది ఇద్రీసే.

కిందటి చలికాలానికి ముందు బిడారులు దిగే సరాయిలో ఒక కొత్త వర్తకుడి దగ్గర తగరం కొన్నాడు. ఆ వర్తకుడెవరో, తర్వాత ఎటు పోయాడో ఈ కథకి తెలియదు. ఆ తగరంలో సీసం కలిసిందా? సీసం కలిస్తే, పులుపు తగిలినప్పుడల్లా కొంచెం కొంచెం కరిగి తిండిలోకి దిగుతుంది. దాని రుచి తియ్యగా ఉంటుందని చిన్నప్పుడు అతని గురువు చెప్పాడు. కలిసిందో లేదో తెలుసుకునే దారీ ఆ గురువే నేర్పాడు. మంచి తగరం కడ్డీని చెవి దగ్గర పెట్టి వంచితే సన్నగా కిర్రుమని ఏడుస్తుంది. సీసం కలిసిన కడ్డీ నోరు మెదపదు.

ఏడేళ్లుగా ఇద్రీస్‌కి ఏ కడ్డీ ఏడుపూ వినపడలేదు. వంచేవాడు, విన్నట్టు తలాడించేవాడు, కొనేసేవాడు.

సంచిలో రెండు కడ్డీలు మిగిలాయి. ఒకటి గురువు ఇచ్చిన పాత ముక్క. రెండోది కిందటేటిది. ఆ రెండూ పట్టుకుని చెరసాల కిటికీ దగ్గరికి వెళ్లాడు.

జెలిహా చువ్వల వెనక నిలబడి ఉంది. చిక్కిపోయింది. నిలబడే తీరు మాత్రం మారలేదు. "వచ్చారా ఉస్తా. సత్రం గిన్నెలకి ఈసారి పని లేదు," అంది.

"నాకు చెవులు వినపడవు," అన్నాడు ఇద్రీస్. ఇంకో మనిషితో ఆ మాట అనడం అదే మొదటిసారి. "ఒక్కసారి మీ చెవులు కావాలి. ఇది వంచుతాను. ఏం వినపడిందో చెప్పండి."

చువ్వల మధ్యనుంచి చేతులు పెట్టి, ఆమె చెవి దగ్గర పాత ముక్క వంచాడు.

జెలిహా పెదాల కేసి చూశాడు. "సన్నగా ఏడుస్తోంది," అన్నాయి ఆ పెదాలు. "గట్టి మంచు మీద నడిచినట్టు."

రెండోది వంచాడు. ఆమె తల అడ్డంగా ఊపింది. మళ్లీ వంచాడు. మళ్లీ ఊపింది. మూడోసారి వంచాడు.

"ఏమీ లేదు ఉస్తా. మాట్లాడటం లేదు."

ఇద్రీస్ ఆ కడ్డీని కింద పెట్టి, ఉన్నదంతా చెప్పాడు. ఎక్కడ కొన్నాడో, ఎలా వంచాడో, ఎలా తలాడించాడో. ఆమె అంతా విన్నది. విని, వేరే సంగతి అడిగింది.

"ఎన్నేళ్లయింది మీకు వినపడక?"

"ఏడేళ్లు."

ఆమె చువ్వకి నుదురు ఆనించింది. "మూడేళ్ల కిందట మీరు కాగు తోముతుంటే వెనక నిలబడి ఒక మాటన్నాను. మీరు తిరగలేదు. మరుసటేడు మళ్లీ అన్నాను. అప్పుడూ తిరగలేదు. కిందటేడు కూడా అన్నాను. ఇష్టం లేదు కాబోలు, ఆ మాట అనలేక ఊరుకున్నారనుకున్నాను."

"ఏమన్నారు?"

జెలిహా మొహమెత్తి, అతనికి కనపడేలా, ఒక్కో మాటా విడదీసి చెప్పింది. "ఈ చలికాలం వెళ్లకు. నా ఇంట్లో ఉండిపో."

ఇద్రీస్‌కి కళ్లు మసకబారాయి. పెదాలు చదివేవాడికి కళ్లు మసకబారితే ఎట్లా? చేత్తో తుడుచుకుని మళ్లీ చూశాడు. ఆమె ఇంకా మాట్లాడుతోంది.

"ఇప్పుడు నా మాట విను. ఈ సంగతి ఎవరికీ చెప్పకు. సంచి సర్దుకుని వెళ్లిపో. చెప్తే నిన్ను ఉరి తీస్తారు. నేను ఒక్కదాన్నే. నాకెవరూ లేరు. నీకోసం నలభై ఊళ్లు ఎదురు చూస్తాయి."

"ఆ నలభై ఊళ్లలోనూ ఇదే కళాయి ఉంది," అన్నాడు ఇద్రీస్.

అంతే.

అతను తిన్నగా తీర్పు చెప్పే ఖాజీ ముందుకి వెళ్లాడు. కచేరీ జనంతో నిండి ఉంది. పట్నం భటులు గుమ్మంలో గుర్రాలు దిగుతున్నారు.

"ఖాజీగారూ, ఆ ముగ్గురి చావుకి జెలిహా కారణం కాదు. నా కళాయి కారణం," అన్నాడు ఇద్రీస్. "నేను చెవిటివాణ్ణి. ఆ సంగతి దాచాను. వినకుండానే తగరం కొన్నాను. అందులో సీసం ఉంది."

జనం గుసగుసలాడారు. అతనికి వినపడలేదు కానీ, గాలికి గోధుమచేను కదిలినట్టు కదలడం కనపడింది.

ఖాజీ ముసలివాడు, తొందరపడే మనిషి కాదు. ఇద్రీస్‌కి కనపడేలా మొహం తిప్పి మాట్లాడాడు. "ఇద్రీస్ ఉస్తా, నువ్వు సత్రం గిన్నెలు ఎందుకు చివరికి ఉంచుకుంటావో ఊరందరికీ తెలుసు. మనసిచ్చినవాడు ఆ మనిషి కోసం అబద్ధమైనా ఆడతాడు. నేనెలా నమ్మను?"

"నమ్మొద్దు. చూడండి."

ఇద్రీస్ రెండు చిన్న గిన్నెలు తెప్పించాడు. అందరి ముందూ తోమాడు. ఒకదానికి పాత ముక్కతో కళాయి పెట్టాడు, ఒకదానికి కిందటేటి కడ్డీతో పెట్టాడు. రెండింట్లోనూ పులిసిన ద్రాక్షరసం పోసి సాయంత్రం దాకా సన్నమంట మీద కాచాడు. భటులు నిలబడి చూశారు. ఊరంతా నిలబడి చూసింది.

సాయంత్రం ఖాజీ మొదటి గిన్నెలో చిటికెనవేలు ముంచి నాలుకకి తాకించాడు. మొహం ముడుచుకున్నాడు. "పులుపు," అన్నాడు. రెండో గిన్నెలో ముంచాడు. తాకించాడు. వెంటనే ఉమ్మేశాడు. అందరికీ వినపడేలా చెప్పాడు.

"తీపి."

జెలిహాని వదిలేశారు. ఆమె కచేరీలోకి నడిచి వస్తుంటే, నిన్నటిదాకా ఆమెని తిట్టినవాళ్లంతా తలలు దించుకున్నారు. ఆమె ఎవరినీ చూడలేదు. వచ్చి ఇద్రీస్ పక్కన నిలబడింది.

"నీకేం శిక్ష వెయ్యమంటావు?" అని అడిగాడు ఖాజీ.

"ఏదైనా వెయ్యండి. కానీ ఆగి వెయ్యండి. ముందు నలభై ఊళ్ల గిన్నెలున్నాయి."

ఖాజీ మంచు పడేదాకా గడువిచ్చాడు. అయితే ఇద్రీస్ గాడిద ఎంత నడిచినా అన్ని ఊళ్లకీ ఒక్కరోజులో పోలేదు. అప్పటిదాకా జనం ఆ గిన్నెల్లోనే తింటారు. అందుకని ఇద్రీసే ఒక దారి చెప్పాడు. "గొర్రెలకాపరులతో కేక వేయించండి. ఒక కొండనుంచి ఇంకో కొండకి అందించమనండి."

"ఏమని కేక వెయ్యాలి?"

"ఇద్రీస్ కళాయిలో తినొద్దని."

మర్నాడు సూర్యుడు రాగానే కాపరులు కొండలెక్కారు. "ఇద్రీస్ కళాయిలో తినొద్దు." ఆ కేక లోయ దాటింది, నది దాటింది, కనుమ దాటింది. మధ్యాహ్నానికి నలభై ఊళ్లకీ చేరింది. ముప్ఫై ఏళ్లు కూడబెట్టుకున్న పేరు ఒక్క పూటలో పోయింది. పోగొట్టమని చెప్పింది అతనే. కాపరులు నోరు తెరిచినప్పుడల్లా వాళ్ల పెదాల మీద తన పేరు చూస్తూ నిలబడ్డాడు.

బయలుదేరేముందు ఆ మూడు ఇళ్లకీ వెళ్లాడు. గుడ్డి హసన్ అక్క మొహం మీద తలుపు వేసేసింది. రంగులద్దే బెకిర్ కర్ర తీసుకుని రెండు భుజాల మీదా కొట్టాడు. ఇద్రీస్ చెయ్యి అడ్డం పెట్టుకోలేదు. నూరియె తల్లి మాత్రం ఒళ్లో మనవరాలితో గడపలోనే కూర్చుంది.

"సీసం ఉందని నీకు తెలుసా?" అని అడిగింది.

"తెలియదమ్మా."

"వినపడదని తెలుసుగా?"

"తెలుసు."

"మరి ఎందుకు దాచావు?"

"సిగ్గుపడ్డాను."

ఆ ముసలమ్మ అతన్ని తిట్టలేదు, క్షమించాననీ అనలేదు. బిడ్డని ఎత్తుకుని లోపలికి వెళ్లిపోయింది. ఆ మూడు ఇళ్లలో ఆ గడపే అతన్ని ఎక్కువ బాధపెట్టింది.

ఖాజీ పట్నం నుంచి కొత్త తగరం తెప్పించాడు. ప్రతి కడ్డీనీ ఇద్రీస్ వంచాడు, ప్రతి కడ్డీనీ జెలిహా విన్నది. ఏడ్చినవి సంచిలోకి, ఏడవనివి వెనక్కి. ఆ రోజే ఇద్దరికీ నిఖా అయింది. పెళ్లివంట లేదు, డోలు లేదు. మూడిళ్లలో దుఃఖం ఉండగా పండగ చేసుకోకూడదని ఇద్దరూ అనుకున్నారు.

"నువ్వు వంచు. నేను వింటాను," అంది జెలిహా. గాడిద తాడు ఆమే పట్టుకుంది.

ఇద్దరూ నడిచారు. ప్రతి ఊళ్లోనూ ఇద్రీస్ ముందుగా ఊరి నడుమ చౌకులో నిలబడి చెప్పేవాడు. "నేను చెవిటివాణ్ణి. దాచాను. నా కళాయి వల్ల ముగ్గురు పోయారు. మీ గిన్నెలు తెండి. గీకి, మళ్లీ పెడతాను." కొన్ని ఊళ్లలో రాళ్లు వేశారు. కొన్ని ఊళ్లలో నీళ్లు కూడా ఇవ్వలేదు. జబ్బుపడి లేచిన పిల్లలున్న ఊళ్లలో తల్లులు ఏడుస్తూ గిన్నెలు విసిరేశారు. విసిరేసిన గిన్నెలు ఏరుకుని, సొట్టలు తీసి, కళాయి పెట్టి, ఎవరి గడప ముందు వాళ్లవి పెట్టి వచ్చేవాడు. సత్రంలోలా రోజూ పుల్లటి చారు కాచకపోబట్టీ, కేక సమయానికి అందబట్టీ, ఆ నలభై ఊళ్లలో ఒక్క ప్రాణం కూడా పోలేదు. ఆ సంగతి ఊళ్లవాళ్లకి మెల్లగా తెలిసొచ్చింది. పదో ఊళ్లో ఎవరో రొట్టె పెట్టారు. ఇరవయ్యో ఊళ్లో పడుకోవడానికి చోటిచ్చారు. ముప్ఫయ్యో ఊరికి వచ్చేసరికి జనమే గిన్నెలు మోసుకుని పొలిమేర దాకా ఎదురొచ్చారు.

నలభయ్యో ఊరు అయ్యేసరికి ఇద్రీస్ అరికాళ్ల చర్మం అరిగిపోయింది. తోమడానికి నిలబడలేకపోతే జెలిహా గిన్నెలోకి దిగి, కొంగు దోపుకుని, తను తోమింది.

మొదటి మంచు రాలుతుండగా ఇద్దరూ అక్దెరెకి తిరిగొచ్చారు. పారిపోవడానికి నలభై దార్లుండగా తిన్నగా ఖాజీ ముందుకే వచ్చారు. ఖాజీ ఆ మూడు ఇళ్లవాళ్లనీ పిలిపించి, ఏం కోరతారని అడిగాడు.

గుడ్డి హసన్ అక్క, "నాకేం వద్దు," అంది.

బెకిర్, "నేను కొట్టాల్సింది కొట్టేశాను," అన్నాడు.

నూరియె తల్లి దుప్పటి కిందనుంచి ఒక గిన్నె తీసింది. రాగి కనిపిస్తున్న చిన్న పాలగిన్నె. దాన్ని ఇద్రీస్ ముందు పెట్టింది.

"మనవరాలికి పాలు కాచాలి. కళాయి పెట్టు," అంది.

ఖాజీ కలం పక్కన పెట్టేశాడు. "ఇంతకుమించి నేను రాసేది లేదు," అన్నాడు.

ఇద్రీస్ అక్కడే, కచేరీ గుమ్మంలోనే, మంచు పడుతుండగా ఆ గిన్నెకి కళాయి పెట్టాడు. ముందు కడ్డీని ముసలమ్మ చెవి దగ్గర వంచాడు. ఆమె విన్నది. తల నిలువుగా ఊపింది.

ఆ చలికాలం అతను ఎక్కడికీ వెళ్లలేదు. జెలిహా ఇంట్లో ఉన్నాడు. ఆ తర్వాత చాలా చలికాలాలు ఉన్నాడు. మంచు కరిగితే ఇద్దరూ కలిసి ఊళ్లకి బయలుదేరేవాళ్లు, ఆమె చెవీ అతని చెయ్యీ. ముసలివాడై, జెలిహా చెయ్యి పట్టుకుని పోయాడు. పాడె మొయ్యడానికి నలభై ఊళ్లవాళ్లూ వచ్చారు. అందరి భుజాలకీ అందాలని, అడుగడుక్కీ భుజం మార్చుకుంటూ కొండ మీదికి తీసుకెళ్లారు. రంగులద్దే బెకిర్ మాత్రం భుజం మార్చలేదు. కొండ పైదాకా మోశాడు.

ఇప్పటికీ ఆ సీమలో కళాయివాడు ఊళ్లోకి వస్తే ముందు నిప్పు చెయ్యడు. తగరం కడ్డీ తీసి ఇల్లాలి చెవి దగ్గర వంచుతాడు. ఆ కిర్రుమనే చప్పుడుకి ఆ ఊళ్లలో పేరుంది. ఇద్రీస్ మాట అంటారు. "ఇద్రీస్ మాట వినిపించు," అంటుంది ఇల్లాలు. వినపడితేనే గిన్నె ఇస్తుంది. వినేది ఆడమనిషే. అందులో మగవాళ్ల తీర్పు చెల్లదు. అది జెలిహా పెట్టిన పద్ధతి.

చెవులు మందగించిన పనివాడు ఆ సంగతి ముందే చెప్పుకుంటాడు. చెప్పినందుకు ఎవరూ గిన్నె వెనక్కి తీసుకోరు.

ఎవరైనా తప్పు చేసి, ఇంకా ఎవరూ అడక్కముందే చౌకులోకి వచ్చి నిలబడితే, అక్కడ కూర్చున్నవాళ్లంతా, ఎంత పెద్దవాళ్లయినా సరే, లేచి నిలబడి వింటారు. విన్నాకే కోపమో, శిక్షో, ఏదైనా.

ఇద్రీస్ ఏ ఊళ్లో పుట్టాడని అక్కడ అడిగితే మాత్రం తగువే. అతని కళాయిలో తినొద్దని ఒకప్పుడు కేక విన్న ఊళ్లే అవన్నీ. ఈనాడు నలభై ఊళ్లలో ఏ ఊరికి వెళ్లి అడిగినా, గుండెల మీద చెయ్యి వేసుకుని ఒకటే మాట చెప్తారు.

"ఇద్రీస్ మావాడు."